క్రికెట్ కామెంటరీలో ఆడవాళ్ల గొంతు

(రేడియో ప్రసంగ పాఠం)

ఆదివారం మధ్యాహ్నం వంటిల్లు సర్దుకుని మీరు ముందుగదిలోకి వచ్చేసరికి టీవీలో క్రికెట్టు నడుస్తూ ఉంటుంది. ఇంటాయన, పిల్లలు కళ్లు ఆర్పకుండా దానికేసే చూస్తూ ఉంటారు. సీరియల్ పెట్టమని అడగడానికి మీకు మనసొప్పదు. పోనీలే అని చాటలో ఇంత కందిపప్పు వేసుకుని ఏరుతూ ఒక పక్కన కూర్చుంటారు. అప్పుడు మీ చెవిన ఒక ఆడగొంతు పడుతుంది. ఆ బంతిని ముందుకొచ్చి ఆడవలసిందనీ, వెనక్కి జరిగి తప్పు చేశాడనీ ఆమె తీర్పు చెబుతుంది. మగవాళ్ల ఆటలో తప్పొప్పులు ఒక ఆడమనిషి ఎంచుతూంటే మీ ఇంట్లో ఎవరూ తల తిప్పి చూడరు. ఎవరికీ వింతగా లేదు మరి. ఆ వింత పోవడానికి ఎన్నాళ్లు పట్టిందో, మన దేశంలో ఆ కుర్చీలో మొదట కూర్చున్నది ఎవరో ఈపూట మీతో చెప్పుకోవాలని ఉంది.

ముందు నా సంగతి కొంచెం చెప్పనివ్వండి. మాది తాడిమర్రి. ధర్మవరం దగ్గర, చిత్రావతి పారే ప్రాంతం. పారే అన్నానే గానీ, ఆ యేట్లో నీళ్లకన్నా ఇసుకే మేము ఎక్కువ చూశాము. వాన కురిస్తే శనక్కాయ, కురవకపోతే ఆకాశం. నేను తొమ్మిదో తరగతి చదివే రోజుల్లో, అంటే 1976, 77 ప్రాంతంలో, మా నాయన దగ్గర ఒక ట్రాన్సిస్టర్ ఉండేది. శనక్కాయ చెట్లు పెరికి ఇంటి ముందర కుప్ప వేసుకుని కాయలు విడిపించే కాలమూ, టెస్టు మ్యాచీల కాలమూ మాకు ఇంచుమించు ఒకటే. కామెంటరీ ఇంగ్లీషులోనో హిందీలోనో వచ్చేది. కుప్ప చుట్టూ కూర్చున్న ఆడవాళ్లకు ఆ రెండూ రావు. మా జేజి మాత్రం ఊరుకునేది కాదు. "ఏమంటాండాడే వాడు? అంతగా అరుస్తాండాడు, ఎవురికేమయింది?" అని అడిగేది. నేను నాకొచ్చిన ఇంగ్లీషుతో, రానిది ఊహతో కలిపి, తెలుగులో చెప్పేదాన్ని. "గవాస్కర్ ఇంకా ఉన్నాడు జేజీ, అవతలాయన పోయినాడు" అంటే, "అయ్యో, ఎట్లా పోయినాడు?" అని కాయలు వలిచే చేతులన్నీ ఆగిపోయేవి. అవుటు కావడమంటే ఏమిటో చెప్పడానికి ఒక పూట పట్టింది.

ఇది తెలిసి మా చిన్నాయన ఒక సంక్రాంతికి ఊరి మగపిల్లల మ్యాచిలో మైకు నా చేతికిచ్చాడు. పెళ్లిళ్లకు కట్టే సౌండు బాక్సులే. రెండు ఓవర్లు చెప్పాను. ఎవరు వేస్తున్నారు, ఎవరు కొట్టారు, బంతి ఏ కంపచెట్ల కింద దూరింది, అన్నీ చెప్పాను. జనం నవ్వుతున్నారు, కానీ వింటున్నారు. మూడో ఓవరుకు ఊరి పెద్దాయన ఒకరు వచ్చి చిన్నాయన భుజమ్మీద చెయ్యి వేశారు. ఆడపిల్ల గొంతు ఊరంతా మోగితే రేపు సంబంధాలు ఎట్లా వస్తాయని నెమ్మదిగానే అడిగారు. కోపంగా అడిగి ఉంటే చిన్నాయన ఎదురు తిరిగేవాడేమో. నెమ్మదిగా అడిగేసరికి మైకు వెనక్కి తీసుకున్నాడు. నేను ఆయన మొగం చూడలేక ఇంటికొచ్చేశాను.

అదే 1977లో, ఇక్కడికి ఎంతో దూరాన ఇండోరులో, ఒక స్త్రీ రేడియో మైకు ముందు కూర్చుని బొంబాయి జట్టుకూ ఎం.సి.సి. జట్టుకూ జరిగిన మ్యాచికి వ్యాఖ్యానం చెప్పారు. ఈ సంగతి నాకు ఎన్నో ఏళ్ల తర్వాత గానీ తెలియలేదు. ఆవిడ పేరు చంద్రా నాయుడు. మన దేశంలో తొలి మహిళా క్రికెట్ వ్యాఖ్యాత అని ఆవిణ్ణే అంటారు. పేరు వినగానే మీకు అనుమానం వచ్చే ఉంటుంది. నిజమే, మన తెలుగింటి మూలాలున్న మనిషే. భారత టెస్టు జట్టు మొదటి కెప్టెన్ సి.కె. నాయుడు, అంటే కొఠారి కనకయ్య నాయుడుగారి కూతురు. ఆ కుటుంబం వేళ్లు మచిలీపట్నం వైపువి. ఆయన పుట్టింది 1895లో నాగపూరులో, స్థిరపడింది ఇండోరులో.

ఇక్కడొక చిత్రం చూడండి. ఎం.సి.సి. అంటే లండనులోని మెరిల్‌బోన్ క్రికెట్ క్లబ్బు. లార్డ్స్ మైదానం వాళ్లదే. క్రికెట్టు నియమాలు రాసేదీ వాళ్లే. 1926లో ఈ ఎం.సి.సి. జట్టు బొంబాయి వచ్చినప్పుడే నాయుడుగారు వాళ్ల మీద 11 సిక్సర్లతో 153 పరుగులు కొట్టి దేశమంతా పేరు మోగించారు. 1932 జూన్ 25న వాళ్ల లార్డ్స్ మైదానంలోనే మన తొలి టెస్టుకు కెప్టెన్‌గా దిగారు. నలభై అయిదేళ్లు గడిచాక అదే ఎం.సి.సి. జట్టు ఇండోరు వస్తే, ఆయన కూతురు దాని ఆటను లోకానికి వినిపించారు. అప్పటికి నాయుడుగారు లేరు, 1967లోనే పోయారు. పైగా ఆ ఎం.సి.సి. క్లబ్బులో 1977 నాటికి ఆడవాళ్లకు సభ్యత్వమే లేదు. చేర్చుకుందామని సభ్యులు ఓటు వేసింది 1998లో. అంటే ఆ క్లబ్బు గడప లోపలికి సభ్యురాలిగా అడుగుపెట్టే వీలు లేని రోజుల్లో, ఆ క్లబ్బు జట్టు ఎట్లా ఆడుతున్నదో చెప్పింది ఒక స్త్రీ. నాకు ఇది తలచుకున్నప్పుడల్లా నవ్వొస్తుంది.

తండ్రి పేరు చెప్పుకుని కుర్చీ సంపాదించారని ఎవరైనా అనవచ్చు. అనే ఉంటారు కూడా. పేరు తలుపు దాకా తీసుకెళ్తుంది, కాదనను. కానీ మైకు ముందు పేరు మాట్లాడదు గదా! చంద్రా నాయుడు తాను కూడా క్రికెట్టు ఆడినవారు. ఇండోరులో ఆడపిల్లల ప్రభుత్వ కళాశాలలో ఇంగ్లీషు ఆచార్యులుగా పనిచేశారు. తండ్రి మీద ఒక పుస్తకం రాశారు. వ్యాఖ్యానాన్ని ఆవిడ జీవనవృత్తిగా చేసుకోలేదు. 2021 ఏప్రిల్ 4న, 88వ ఏట, ఇండోరులోనే కన్నుమూశారు.

మరి వ్యాఖ్యానం చెప్పడమంటే అంత కష్టమా అని అడుగుతారేమో. మీకు తెలిసిన పోలికతో చెబుతాను. మీ అత్తగారికి మోకాళ్ల నొప్పులు, పెళ్లికి రాలేకపోయారు. మీరు వెళ్లి వచ్చారు. ఆవిడ పక్కన కూర్చుని పెళ్లి చెప్పాలి. పెళ్లికూతురు ఎట్లా ఉంది, ధర్మవరం పట్టుచీర ఏ రంగుది, తలంబ్రాలప్పుడు ఎవరు ముందు పోశారు, విందులో ఏది తక్కువైంది, ఎవరు అలిగారు. ఆవిడ కళ్ల ముందు పెళ్లి కట్టాలి. రేడియో వ్యాఖ్యాత చేసేది అచ్చంగా ఇదే, కాకపోతే పెళ్లి జరుగుతుండగానే చెప్పాలి. తర్వాత ఏం జరుగుతుందో తనకూ తెలియదు.

ఒక ఓవరుకు ఆరు బంతులు. సుమారు నాలుగు నిమిషాలు పడుతుంది. అందులో బంతి నిజంగా కదిలేది అర నిమిషమో, ఇంకాస్తో. మిగతా కాలమంతా మాటలతో నింపాలి, అట్లాగని సోది చెప్పకూడదు. బౌలరు పరుగు మొదలుపెట్టగానే చెబుతున్న కథ ఎక్కడిదక్కడ ఆపెయ్యాలి. బంతి ఎక్కడ పడింది, బ్యాటు ఎట్లా తిరిగింది, ఎటు పోయింది, ఎవరు ఆపారు, ఎన్ని పరుగులు, మొత్తం ఎంత. అప్పుడే రేడియో పెట్టినవాళ్లు ఉంటారు గనక స్కోరు మాటిమాటికీ చెబుతూ ఉండాలి. ఈ ఒక్కటీ మరిచిపోయే వ్యాఖ్యాతలను ఇంట్లో మా నాయన తిట్టినన్ని తిట్లు నేనిక్కడ చెప్పలేను.

ఆఫ్ సైడ్, లెగ్ సైడ్ అన్న మాటలకే మనలో చాలామంది బెదిరిపోయి ఆట మనది కాదనుకుంటాం. అందులో ఏమీ లేదు. బ్యాటు పట్టినవాళ్లు పక్కకు తిరిగి నిలబడతారు గదా, వాళ్ల ఛాతీ ఎటు చూస్తుందో అది ఆఫ్ సైడ్. వీపు వైపుది లెగ్ సైడ్. ఎడమచేతి వాటం మనిషి వస్తే రెండూ తారుమారవుతాయి. వికెట్ కీపరు పక్కన, ఆఫ్ వైపు వరసగా చేతులు చాచి నిలుచునేవాళ్లు స్లిప్పులు. ఇంతమాత్రం తెలిస్తే చాలు, కళ్లు మూసుకుని కామెంటరీ వింటే మైదానం కనబడుతుంది.

మన దేశంలో 1930లలో బొంబాయిలో తల్యార్‌ఖాన్ అనే ఆయన ఈ పని రోజంతా ఒక్కడే చేసేవారట. పక్కన ఇంకొకరు కూర్చుంటే ఒప్పుకునేవారు కాదు. తర్వాత పద్ధతి మారింది. ఇప్పుడు ఈ పనికి మూడు కుర్చీలు. బంతి బంతికీ వర్ణించేవారు ఒకరు. ఆట లోతు విడమరిచే మాజీ ఆటగాళ్లు ఒకరు. స్టూడియోలో కూర్చుని కార్యక్రమం నడిపేవారు ఒకరు. ఈ మూడూ ఒకటేనని అనుకోకండి. ఆడవాళ్లకు ఏ కుర్చీ ఎప్పుడు దొరికిందన్నదే అసలు కథ.

రేడియోలో ఆడగొంతు కొత్త కాదు. రేడియో అక్కయ్య న్యాయపతి కామేశ్వరిగారి గొంతు వింటూ ఎన్ని ఇళ్లలో పిల్లలు పెరిగారో! మన మదనపల్లెలో పుట్టిన జోలెపాళెం మంగమ్మగారు 1960ల మొదట్లో ఢిల్లీ నుంచి తెలుగు వార్తలు చదివారు. యుద్ధం గురించీ, ఎన్నికల గురించీ ఆడగొంతు చెబితే నమ్మిన దేశం, స్క్వేర్ కట్ గురించి చెబితే నమ్మదా? నమ్మదనే అనుకున్నారు.

కారణాలు చాలా చెప్పేవారు. ఆడగొంతు కీచుగా ఉంటుంది, వినలేమనడం ఒకటి. ఇందులో పిసరంత నిజం ఉంది, కానీ తప్పు గొంతుది కాదు. పాత మీడియం వేవ్ రేడియో సెకనుకు సుమారు నాలుగైదు వేల కంపనాల దాకా ఉన్న ధ్వనినే మోసుకొచ్చేది. ఆడవాళ్ల స, శ, ష లాంటి అక్షరాల పదును అంతకుపైన ఉంటుంది. అది కాస్తా తెగిపోయేది. మగగొంతుకు సరిపోయే కొలత పెట్టి, ఆ కొలతకు ఒదగలేదని ఆడగొంతును తప్పుపట్టడమన్నమాట. మగవాళ్ల కొలతకు కుట్టిన చొక్కా మనకు వదులైతే ఒళ్లు బాగాలేదన్నట్టు! స్టేడియం హోరులో ఆడగొంతు వినబడదన్న మాట కూడా నిలిచేది కాదు. పై పెదవికి ఆనించి పట్టుకునే మైకును బీబీసీ ఇంజనీర్లు 1930లలోనే చేశారు. దగ్గరి మాటను పట్టుకుని దూరపు హోరును వదిలేస్తుందది.

టెస్టు క్రికెట్ ఆడలేదు గదా, ఏమి తెలుస్తుందన్నది ఇంకొకటి. పేరున్న మగ వ్యాఖ్యాతల్లో ఎంతమంది టెస్టులు ఆడారు? తల్యార్‌ఖాన్ ఆడలేదు. ఆ ప్రశ్న ఆయన్ని ఎవరూ అడిగినట్టు లేదు.

ఇంగ్లండు సంగతే చూడండి. బీబీసీ టెస్ట్ మ్యాచ్ స్పెషల్ అని 1957 నుంచి నడుస్తున్న రేడియో కార్యక్రమం ఉంది. అందులో మొదటిసారి ఆడగొంతు వినబడింది 1998లో. ఆవిడ కూడా ఇంగ్లీషు వనిత కాదు, బార్బడోస్ లాయరు డోనా సిమ్మండ్స్. అంటే మన ఇండోరు కన్నా ఇరవయ్యొక్క ఏళ్లు వెనక. అన్నీ అక్కణ్ణించే వస్తాయనుకునేవాళ్లకు ఈ లెక్క చెప్పండి. అయితే మనం మాత్రం మురిసిపోయేందుకేమీ లేదు. చంద్రా నాయుడు తెరిచిన తలుపు గుండా వెంటనే వరసకట్టి ఎవరూ వెళ్లలేదు. 1978 జనవరిలో ఆడవాళ్ల ప్రపంచ కప్పే మన దేశంలో జరిగింది. ఆస్ట్రేలియా ఇంగ్లండును ఓడించి కప్పు ఎత్తుకున్నది హైదరాబాదు లాల్ బహదూర్ స్టేడియంలో. మన ఊళ్లలో ఆ సంగతి ఎంతమందికి చేరింది? మాకు చేరలేదు.

తలుపు మళ్లీ తెరుచుకున్నది టీవీ వచ్చాక, అదీ పెరటి వైపు నుంచి. 2003 ప్రపంచ కప్పులో మందిరా బేడీ స్టూడియోలో కూర్చున్నారు. మూడో కుర్చీ అది. ఆవిడ అడిగే ప్రశ్నలు, ఆట తెలియని ఇల్లాలు అడిగే ప్రశ్నలే. మనవంటివాళ్లెందరో దానివల్లే ఆట చూడటం మొదలుపెట్టారు. కానీ పత్రికలు రాసింది ప్రశ్నల గురించి కాదు, జాకెట్టు గురించి. ఆవిడ పక్కన కూర్చున్న మగవాళ్లు వేసుకున్న కోటు ఏ రంగుదో మీకు గుర్తుందా? నాకూ లేదు.

మొదటి రెండు కుర్చీలకు దారి వేసింది ఆడిన ఆడవాళ్లే. అంజుమ్ చోప్రా, ఇసా గుహా, లిసా స్థలేకర్, మెల్ జోన్స్ నలుగురూ 2015లో ఐపీఎల్ వ్యాఖ్యాతలయ్యారు. నలుగురూ తమ తమ దేశాలకు ఆడినవాళ్లే. ఏమి తెలుసని అడిగే నోరు అక్కడ మూతపడింది. హైదరాబాదులో పెరిగిన మిథాలీ రాజ్ 2022లో ఆట విరమించాక మైకు పట్టుకున్నారు. తెలుగులో స్టార్ స్పోర్ట్స్ వాళ్ల కార్యక్రమాలు నడిపిన వింధ్య విశాఖను మీ ఇంట్లో పిల్లలు ఇట్టే గుర్తుపడతారు. అయితే తెలుగులో బంతి బంతికీ వర్ణించే కుర్చీలో నేను విన్నంతలో మగగొంతులే ఎక్కువ. 2021లో ఎం.సి.సి. వారు నియమాల పుస్తకంలో బ్యాట్స్‌మన్ అన్న మాట తీసేసి బ్యాటర్ అని మార్చారు. మన తెలుగులో ఆ ఇబ్బందే లేదు, ‘ఆడుతున్నది’ అంటే సరిపోతుంది. అంత వీలైన భాష పెట్టుకుని చెప్పే ఆడవాళ్లు తక్కువ కావడం నాకు కొంచెం కష్టంగానే ఉంటుంది.

ఇక ముందు మారుతుందనే నా నమ్మకం. ఎందుకంటే మా సీమ పిల్లలే ఇప్పుడు ఆడుతున్నారు. తాడిమర్రికి పొరుగున నార్పల మండలం బండ్లపల్లెలో కూలి చేసుకునే ఇంట పుట్టిన బారెడ్డి అనూష, అనంతపురం ఆర్‌.డి.టి. మైదానంలో నేర్చుకుని 2023 జూలైలో బంగ్లాదేశ్ మీద భారత జట్టుకు ఆడింది. కడప జిల్లా వీరపునాయునిపల్లె మండలం నుంచి వచ్చిన శ్రీచరణి 2025 ప్రపంచ కప్పులో 14 వికెట్లు తీసింది. అదే ఏడు అక్టోబరులో విశాఖపట్నం స్టేడియంలో రెండు స్టాండులకు మిథాలీ రాజ్ పేరు, మన వికెట్ కీపర్ రావి కల్పన పేరు పెట్టారు. ఈ పిల్లలు రేపు ఆట చాలించాక మైకు ముందు కూర్చుంటే, తెలుగులోనే కూర్చుంటే, ఎంత బాగుంటుంది!

2025 నవంబరు 2 రాత్రి ఫైనలు సంగతి చెప్పి ముగిస్తాను. మా చిన్నాయనకు ఇప్పుడు ఎనభై దాటింది. తాడిమర్రిలోనే ఉంటాడు, చూపు బాగా తగ్గింది. ఆ రాత్రి వాళ్లింట్లో కరెంటు పోయింది. తొమ్మిదిన్నరకు ఫోను చేశాడు. "పాపా, ఏమయితాంది ఆడ?" అన్నాడు. నాకు అరవై దాటినా ఆయనకు పాపనే. స్కోరు చెప్పి పెట్టేద్దామనుకున్నాను. పెట్టెయ్యనివ్వలేదు. "ఎట్లా వేసింది, ఎటు పోయింది, అది చెప్పు" అన్నాడు.

మా కోడలు టీవీ గొంతు తగ్గించింది. మనవరాలు ఫోను నా నోటి దగ్గర పట్టుకుంది. మొదటి ఓవరు తడబడ్డాను. ఎడమచేతి వాటం మనిషి వచ్చినప్పుడు ఆఫ్ సైడూ లెగ్ సైడూ కలిపేశాను. తర్వాత కుదిరింది. శ్రీచరణి బంతికి దక్షిణాఫ్రికా బోష్ సున్నాకే ఎల్బీగా వెళ్లినప్పుడు, "కాలికి తగిలింది చిన్నాయనా, వికెట్ల ఎదురుగా తగిలింది, అంపైరు వేలెత్తింది" అని నేను ఎంత గట్టిగా అరిచానో, పక్కవాటా వాళ్లు తలుపు తీసి చూశారు. ఆయన మాత్రం "స్కోరు చెప్పడం మరిచిపోయినావు" అన్నాడు.

అర్ధరాత్రి దాటాక దీప్తి బంతిని కొట్టబోయిన దెబ్బ పైకి లేచి, హర్మన్‌ప్రీత్ వెనక్కి పరిగెత్తి పట్టుకుంది. 52 పరుగుల తేడాతో గెలిచాం. చెప్పాను. అవతలి నుంచి కాసేపు మాట లేదు. లైను తెగిందేమోనని పలకరించాను.

"ఉండాను పాపా," అన్నాడు. "ఆ పొద్దు ఎన్ని ఓవర్లు చెప్పినావు? రెండే కదూ?"

రెండేనన్నాను. మనవరాలు ఫోను పక్కన పెట్టి నాకు మంచినీళ్లు తెచ్చి ఇచ్చింది.